గొడుగాయన ఇంట్లో దీపం

యముడు సైతం మా అమ్మమ్మ వార్డులోకి చెప్పులు బయట విప్పి వచ్చేవాడు. నమ్మకపోతే మీ ఇష్టం. పెద్దాసుపత్రి ఏడో వార్డులో ముప్పై నాలుగేళ్ళు ఆయాగా చేసిన మనిషి ఆవిడ. తడిబట్ట పెట్టిన నేల మీద ఎవరు అడుగెయ్యబోయినా, పెద్ద డాక్టరైనా సరే, "ఆరేదాకా ఆగండి" అని కర్ర అడ్డం పెట్టేది. యముడు కూడా గుమ్మంలో ఒంటికాలి మీద నిలబడి ఆగేవాడనీ, ఆ ఆలస్యంలో నలుగురైదుగురు బతికి ఇంటికెళ్ళిపోయారనీ మనవరాలి నమ్మకం. ఆవిడ మాత్రం గొప్పలు చెప్పుకునే రకం కాదు. అందుకే ఆ పని, తొమ్మిదో తరగతి గట్టెక్కని మనవరాలినైన నా నెత్తిన పడింది.

ఆవిడ తన గురించి తాను చెప్పుకునే మాట ఒక్కటే.

"మంచం ఖాళీ అయితే పది నిమిషాలు. అంతే. పక్క తీసి, మళ్ళీ వేసేదాన్ని. అంతకుముందు అక్కడో మనిషి పడుకున్నాడని గోడక్కూడా తెలిసేది కాదు."

దుప్పటి నాలుగు మూలలూ ఒకేసారి లాగాలి. రబ్బరు షీటు తుడవాలి. పరుపు తిరగెయ్యాలి. పక్కనున్న చిన్న అరలోంచి కళ్ళజోడు, దువ్వెన, మందుసీసా, సగం తిన్న రొట్టె, ఏముంటే అది సంచిలో వేసి, మంచం నంబరు రాసిన చీటీ కట్టాలి. బయట వరండాలో స్ట్రెచర్ మీద ఇంకొకరు మూలుగుతూ ఉంటారు. పైగా చుట్టుపక్కల మంచాలవాళ్ళ కళ్ళు ఆ ఖాళీ మీద పడకూడదు. పడితే వాళ్ళకి ఆ పూట అన్నం దిగదు.

నాలుగేళ్ళ కిందట ఉద్యోగం అయిపోయింది. క్వార్టర్సు అప్పగించి కూతురి ఫ్లాటుకి వచ్చేసింది. మూడో అంతస్తు. రెండు గదులు, ఒక హాలు. హాలు అమ్మమ్మది, రాత్రి పదినుంచి పొద్దున్న ఆరుదాకా. ఆరు కొట్టగానే మడతమంచం మడిచి తలుపు వెనక నిలబెడుతుంది. మడవమని ఎవరూ అనలేదు. అయినా మడుస్తుంది, దుప్పటితో సహా, పది నిమిషాల్లో. ఆ తర్వాత ఆ హాల్లో రాత్రి ఎవరో పడుకున్నారని గోడక్కూడా తెలియదు.

మోకాళ్ళు సహకరించవు, లిఫ్టు అసలే సహకరించదు. అందుకని ఆవిడ కిందికి దిగడం మానేసింది. కూతురు, అంటే మా అమ్మ, పార్సిల్ ఆఫీసులో కౌంటరు దగ్గర కూర్చుంటుంది, సాయంత్రం ఆరుకి గానీ రాదు. మనవరాలిది కుట్టుమిషన్ల షెడ్డులో పొద్దుటి షిఫ్టు. మధ్యాహ్నం రెండింటికి ఆ ఫ్లాటులో కుళాయి చుక్కలు, అమ్మమ్మ, మూల పగిలిన ఒక పాత ట్యాబ్, అంతే. సీరియళ్ళు చూస్తుందని ఇచ్చారు దాన్ని. సీరియళ్ళలో అందరూ అరుస్తారని ఆవిడ వాటి జోలికి పోలేదు. మనవరాలు తన కోసం పెట్టుకున్న ఒక ఆటలోకి దూరింది.

అదొక ఊరు. ఎక్కడెక్కడి మనుషులో అందులో బొమ్మలుగా తిరుగుతుంటారు. ఒక్కొక్కరికీ ఒక ఇల్లు, ఇంటికొక తాళంచెవి. లోపలికి రాబోతుంటే "ఎవరు మీరు?" అని అడిగింది ఆ ఊరు. ఆసుపత్రి గేటు దగ్గర అడిగే ప్రశ్నే అనుకుని అమ్మమ్మ "ఏడో వార్డు" అని చెప్పింది. అదే పేరైపోయింది. ఆ ఊళ్ళో ఈనాటికీ ఆవిడ వార్డుగారే.

పసుపు తలుపున్న ఒంటిగది ఇల్లొకటి వచ్చింది ఆవిడ వాటాకి. మొదటి మూడు రోజులూ తలుపు తియ్యడం, వెయ్యడం, ఇదే పని. అరవై నాలుగేళ్ళ బతుకులో ఆవిడకి లోపలినుంచి గడియ పెట్టుకునే తలుపు అదే మొదటిది. పెళ్ళికి ముందు నలుగురు తోబుట్టువులకొక గది, పెళ్ళయ్యాక గదికి అడ్డంగా ఒక పరదా, ఇప్పుడేమో హాలు. ఆ పసుపు తలుపు ఇంట్లో ఒక మంచం కొనుక్కుంది. పక్క సర్దినట్టూ పెట్టుకోవచ్చు, నలిగినట్టూ పెట్టుకోవచ్చు. అమ్మమ్మ నలిగినట్టే పెట్టుకుంది.

"సర్దుకోవచ్చుగా అమ్మమ్మా, చూడలేకపోతున్నాం," అంటే, "అది నా పక్క. నలిగితే ఎవడికి నొప్పి?" అంది.

ఆ వీధిలో రెండింటికల్లా బెంచీ దగ్గర నలుగురైదుగురు చేరేవాళ్ళు. వెంట పిల్లిని వేసుకు తిరిగే లెక్కల మాస్టారు ఒకాయన. మాటకి మాట తగిలించి పోట్లాడుకునే అక్కాచెల్లెళ్ళు ఇద్దరు. గొడుగాయన ఒకాయన. అమ్మమ్మ కనపడగానే నలుగురూ అడిగే మొదటి మాట, "వార్డుగారూ, అన్నం తిన్నారా?" ఫ్లాటులో ఆ వేళకి ఆ మాట అడిగేవాళ్ళు లేరు. అమ్మమ్మ ట్యాబ్ మైకు దగ్గర నోరుపెట్టి "ఆఁ, తిన్నానండీ" అని కేకేసేది, మూడో అంతస్తు నుంచి ఆ వీధికి వినపడాలన్నట్టు. తినని రోజున లేచి వెళ్ళి నాలుగు ముద్దలు తిని వచ్చి మరీ చెప్పేది. అబద్ధం ఆడటానికి మొహమాటం.

గొడుగాయన పక్కింటాయన. బస్సు డిపోలో టైమ్‌కీపరట. ఎండ కాస్తున్నా గొడుగు ముయ్యడు. ఎందుకండీ అంటే, "నేను కూర్చున్న వైపు వానండీ" అనేవాడు. ఆయన ఇంట్లో ఒక మూల పిల్లలు పడుకునే చిన్న మంచం ఉండేది.

"ఎవరికండీ అంత చిన్న మంచం?" అనడిగింది అమ్మమ్మ ఒకరోజు.

"మా అమ్మాయికండీ."

"ఎన్నేళ్ళు?"

"నలభై రెండు."

అమ్మమ్మ నవ్వాపుకోలేకపోయింది. "మరి పడుతుందా అందులో?"

"వాళ్ళమ్మ తీసుకెళ్ళిపోయే నాటికి సరిగ్గా పట్టేదండీ," అన్నాడాయన. గొడుగు కాస్త కిందికి వంచుకున్నాడు.

వానలు పడే రోజుల్లో ఒక మధ్యాహ్నం ఆయన తాళంచెవి తెచ్చి అమ్మమ్మ చేతిలో పెట్టాడు. చిన్న ఆపరేషనట, వారంలో వచ్చేస్తాడట. కుండీలకి నీళ్ళు పొయ్యమన్నాడు.

"ఏ ఆపరేషనండీ?" అంది అమ్మమ్మ. పేరు చెప్పాడు. అమ్మమ్మ మైకు మీంచి వేలు తీసేసింది. ఆ పేరున్న మంచాలు ఆవిడ చాలానే సర్దింది.

వారం గడిచింది. మూడు వారాలు గడిచాయి. అమ్మమ్మ రోజూ తలుపు తీసి, దీపం వేసి, తొమ్మిది కుండీలకీ నీళ్ళు పోసి, దీపం ఆర్పి వచ్చేది. అక్కాచెల్లెళ్ళు ఆ కిటికీలోంచి తొంగిచూసి, పోట్లాట ఆపేసి వెళ్ళిపోయేవాళ్ళు. మాస్టారు పిల్లిని చంకనెత్తుకుని ఆ ఇల్లు దాటేవాడు. బెంచీ దగ్గరికి రావడమే తగ్గించేశారు. ఏడో వారం వచ్చేసరికి అమ్మమ్మ చేతులు ఊరుకోలేదు. లోపలికెళ్ళి, చిన్న మంచంతో మొదలుపెట్టి, ముప్పై ఒక్క సామాన్లూ తీసి వరండాలోని చెక్కపెట్టెలో సర్దేసింది. పెట్టె మీద చీటీ కూడా అంటించింది. నలుగురి కళ్ళూ ఆ ఖాళీ మీద పడకూడదని చేసిన పని అది. ఎంతసేపు పట్టిందో చెప్పక్కర్లేదు.

మర్నాడు రెండింటికి చూస్తే గొడుగాయన ఇంట్లో దీపం వెలుగుతోంది.

మరిచిపోయాననుకుని ఆర్పింది. ఆ మర్నాడూ వెలుగుతోంది. ఆర్పింది. మూడో రోజు తలుపు తీసేసరికి ఖాళీ గదిలో, చిన్న మంచం ఉండే మూలకేసి మొహం పెట్టి, గొడుగు తెరిచి పట్టుకుని, ఆయన నిలబడి ఉన్నాడు.

మనవరాలు షిఫ్టు నుంచి వచ్చేసరికి ట్యాబ్ సోఫాలో బోర్లా పడి ఉంది, అమ్మమ్మ వంటింట్లో గోడకి ఆనుకుని ఉంది.

"మీ ఆట పాడైపోయిందే. పోయినవాళ్ళు తిరుగుతున్నారు."

"ఆయన ఫోను ఎవరో తెరిచుంటారు అమ్మమ్మా."

"ఫోను తెరిస్తే మనిషెలా వస్తాడే?"

"మనిషి కాదు, ఒట్టి బొమ్మ."

"బొమ్మయితే నాకేసి వీపెందుకు తిప్పుతుంది?"

మనవరాలు ట్యాబ్‌ని వెల్లకిలా తిప్పి సోఫాలో పెట్టింది.

ముప్పై నాలుగేళ్ళలో ఎన్ని దేహాలకి తల దువ్విందో లెక్కలేని మనిషి, ఆ రోజు కుళాయి చుక్క పడ్డా ఉలిక్కిపడింది. "వార్డులో పోయినవాళ్ళు పోయినట్టు ఉండేవాళ్ళు. ఇలా నిలబడేవాళ్ళు కాదు," అని తనలో తను అనుకుంటూ ఉండిపోయింది. పక్క తొందరపడి తీశాననీ, ఆయనింకా లేవలేదనీ, పడుకోవడానికి చోటు లేక మూలన నిలబడ్డాడనీ ఆవిడ భయం.

అయినా మర్నాడు వెళ్ళింది. భయం వేసినంత మాత్రాన డ్యూటీ మానిన రికార్డు లేదు. దీపం వెలుగుతోంది. వీపు అలాగే ఉంది.

"ఎవరండీ?" అంది అమ్మమ్మ గుమ్మం బయటినుంచే.

గొడుగు మీద టైపు చేసిన అక్షరాలు వచ్చాయి. "ఈ గదిలో సామాను ఉండాలి. ఏమైంది?"

అమ్మమ్మ చూపు వరండాలోని చెక్కపెట్టె మీదికి పోయింది.

"మన పాత గది ఎలా ఉండేదో అలాగే సర్ది పెట్టాను, ఒక్కసారి వచ్చి చూడమ్మా అని నాన్న రెండేళ్ళుగా మెసేజీలు పెట్టారు. నేనే రాలేదు. ఇప్పుడొచ్చి నాలుగు రోజులైంది. ఏమీ లేదు. ఎవరు తీశారు?"

ఆ ప్రశ్న అమ్మమ్మ ఇంతకు ముందొకసారి విని ఉంది. మా తాతయ్య ఆసుపత్రి క్యాంటీన్లో వంటవాడు. జబ్బుపడితే ఏడో వార్డులోనే, పద్నాలుగో నంబరు మంచం మీదే పెట్టారు. పోయింది కూడా అక్కడే, అమ్మమ్మ డ్యూటీలోనే. వరండాలో స్ట్రెచర్ మీద ఎవరో మూలుగుతున్నారు. పది నిమిషాలు. బడినుంచి పుస్తకాల సంచీతో నాన్నని చూడ్డానికి పరిగెత్తుకొచ్చిన మా అమ్మకి, పదకొండేళ్ళ పిల్లకి, ఆ మంచం మీద ఎవరో ముక్కూమొహం తెలియని మనిషి కనిపించాడు. "ఇక్కడ మా నాన్న ఉండాలి, ఏమైంది?" అంది. ఆ తర్వాత ముప్పై మూడేళ్ళలో మా అమ్మ ఆ సంగతి ఎత్తలేదు. అమ్మమ్మా ఎత్తలేదు. పొద్దున్న ఆరింటికి మంచం మడిచే చప్పుడు వినపడగానే మా అమ్మ పక్కకి తిరిగి కళ్ళు మూసుకుంటుంది, అంతే.

ఆట పాడై సామాను పోయిందనవచ్చు. గొడుగాయన కూతురు నమ్మేది. అమ్మమ్మ మైకు మీద వేలు పెట్టింది.

"నేనే తీశానమ్మా."

"మీరెవరు?"

"పక్కింటిదాన్ని. నీళ్ళు పొయ్యమని తాళంచెవిచ్చారు."

"నీళ్ళు పొయ్యమంటే ఇల్లు ఊడ్చేస్తారా? మా నాన్న గది ముట్టుకోడానికి మీకేం పని?"

"పనే. ఆసుపత్రి ఆయాని. మంచం ఖాళీ అయితే తీసేస్తాం. తియ్యకూడదని నాకెవరూ నేర్పలేదు."

గొడుగు కదిలింది. ఆ బొమ్మ మొదటిసారి ఇటు తిరిగింది. అదే మొహం. గొడుగాయన మొహం.

"ఇది నాన్న ఫోను. ఆయన పోయాక మా పిన్ని దగ్గరుంది," అని అక్షరాలు వచ్చాయి. "ఐదింటికి ఇచ్చేసి ఊరెళ్ళిపోతున్నాను. మళ్ళీ రాను. ఎలా ఉండేదో మీకేమైనా గుర్తుందా?"

అప్పుడు టైము రెండున్నర.

"గుర్తుండకపోవడమేంటమ్మా? గుమ్మంలోకొచ్చి కాస్త పక్కన నిలబడు," అంది అమ్మమ్మ.

ఎక్స్‌రేకి తీసుకెళ్ళిన పేషెంటు తిరిగొచ్చేసరికి అరలో దువ్వెన పళ్ళు ఎటు తిరిగి ఉన్నాయో అటే తిరిగి ఉండాలి. లేకపోతే "నా సామాను ఎవరో కదిపారు" అని గోల. ఆ భయంతో ఏళ్ళ తరబడి కుదిరిన కళ్ళు అవి. అమ్మమ్మ ట్యాబ్ ఒళ్ళో పెట్టుకుని ఒక్కొక్కటే పెట్టెలోంచి తీసింది. కిటికీ దగ్గర కుర్చీ, కాస్త ఎడమకి వంచి. పక్కన పీట మీద రేడియో. గడియారం గుమ్మానికి ఎదురుగా, ఎందుకంటే టైమ్‌కీపరు లోపలికొస్తూనే చూడాలి. రెండు కప్పులు, ఒకటి బోర్లించి. తొమ్మిది కుండీలు, ఎండిపోయినది తలుపు వెనక. ఒకటి పెట్టి, కళ్ళు మూసుకుని, తల అడ్డంగా ఊపి, రెండంగుళాలు జరిపి, మళ్ళీ పెట్టి. ఆ బొమ్మ గుమ్మంలో కదలకుండా చూస్తూ ఉంది.

నాలుగు దాటాక మా అమ్మ వచ్చింది. తలనొప్పని పర్మిషన్ పెట్టి వచ్చేసిందట.

"ఏం చేస్తున్నావమ్మా, చెమటలు పట్టేలాగా?"

"ఒకళ్ళ సామాను తీసేశాను. ఆ పిల్ల వచ్చి అడుగుతోంది. తిరిగి పెడుతున్నాను," అంది అమ్మమ్మ తలెత్తకుండా.

మా అమ్మ హ్యాండ్‌బ్యాగు భుజం మీంచి తియ్యకుండానే పక్కన కూర్చుంది. తెర మీద చిన్న మంచం మూలకి వచ్చింది, తల కిటికీవైపు. నీలం దుప్పటి వచ్చింది. కొక్కేనికి బడి సంచి వచ్చింది. చిట్టచివర పెట్టెలో ఒక గుడ్డబొమ్మ మిగిలింది. అమ్మమ్మ దాన్ని మంచం మీద పెట్టబోయి ఆగింది. మళ్ళీ కళ్ళు మూసుకుంది. దాన్ని మంచం కిందికి, గోడ దాకా నెట్టింది.

గుమ్మంలోంచి అక్షరాలు ఒక్కొక్కటే వచ్చాయి. "అమ్మ పారేస్తుందని అక్కడే దాచేదాన్ని. నాన్నకి తెలుసని నాకు తెలియదు."

హాల్లో కుళాయి చుక్కలు వినపడుతున్నాయి. అమ్మమ్మ తెర మీదే చూపు పెట్టి, వేరే ఎవరితోనో మాట్లాడుతున్నట్టు అంది:

"మీ నాన్న అరలో కళ్ళజోడుండేది, కుడికాడ విరిగితే దారం చుట్టుకున్నాడు. ఉప్పు బిస్కెట్లు మూడు, నీకని దాచినవి. నీ లెక్కల నోటు చివరి కాగితం చింపి వెనకాల నువ్వు గీసిన బస్సు. దాన్ని గోడకి అన్నం మెతుకుతో అంటించాడు, ఆయన ఎడంచేతి వైపు, పడుకుంటే కనపడేలాగా. దాన్ని పీకుతుంటే ఒక మూల గోడకే ఉండిపోయింది."

మా అమ్మ హ్యాండ్‌బ్యాగు భుజం మీంచి తీసి నేల మీద పెట్టింది. "ఇన్నేళ్ళలో ఒక్కసారి చెప్పలేదే?"

"నువ్వడగలేదు."

"అడిగితే చెప్పేదానివా?"

"ఏమో," అంది అమ్మమ్మ. "రేడియో పీట కుర్చీకి ఎడమా, కుడా? అది ఒక్కటే తేలట్లేదు."

"ఎడమే పెట్టు. చెయ్యి అందుతుంది," అని మా అమ్మ లేచి వెళ్ళి స్నానాలగదిలో కుళాయి విప్పింది. చాలాసేపు కట్టలేదు.

ఐదుకి పది నిమిషాలుందనగా ఆ బొమ్మ లోపలికి నడిచింది. కుర్చీ దగ్గర ఆగింది. గడియారం దగ్గర ఆగింది. చిన్న మంచం ఎక్కి పడుకుంది. కాళ్ళు మోకాళ్ళ కిందనుంచీ బయటికి వచ్చేశాయి. గొడుగు మంచం పక్కన నేల మీద తెరిచే ఉంది.

"పట్టడం లేదండీ," అని అక్షరాలు వచ్చాయి. ఇంకాసేపటికి, "అయినా పడుకుంటాను."

ఆ తర్వాత ఇంకేమీ రాలేదు. ఐదు దాటింది.

ఆ ఊళ్ళో ఒక రివాజుంది. పడుకున్న బొమ్మ తన మనిషి వచ్చి లేపేదాకా లేవదు. ఆ ఫోను పిన్ని సొరుగులో చేరి మూడు నెలలైంది. ఎవరూ లేపలేదు. మాస్టారూ అక్కాచెల్లెళ్ళూ మళ్ళీ బెంచీ దగ్గరికి వస్తున్నారు. "వార్డుగారూ, అన్నం తిన్నారా?" అని అడుగుతున్నారు, కాకపోతే ఆ ఇంటివైపు చూసి గొంతు తగ్గించి. లోపల పడుకున్నది ఎవరని అడిగే ధైర్యం వాళ్ళకి లేదు. ఆయన మొహమే, ఆయన గొడుగే, మరి ఆఖరున మాట్లాడిందేమో కూతురు. అమ్మమ్మ రోజూ రెండింటికి మునివేళ్ళ మీద లోపలికెళ్ళి, తొమ్మిది కుండీలకీ, ఎండిపోయినదానితో సహా, నీళ్ళు పోసి వస్తుంది. దీపం ఆర్పదు. ఇక్కడ ఫ్లాటులో మా అమ్మ పొద్దున్న ఆరింటికి లేచొచ్చి మడతమంచానికి అటువైపు పట్టుకుంటోంది. ఇద్దరూ కలిసి మడుస్తారు, పావుగంట పడుతోంది.

మొన్న మనవరాలికి ఉండబట్టలేదు. అమ్మమ్మ భుజం మీదుగా ఆ చిన్న మంచంలోకి తొంగిచూసి గట్టిగానే అడిగేసింది.

"అమ్మమ్మా, ఆయన లేడు, ఆవిడ రాదు. లోపల ఎవరూ లేని బొమ్మ అది. మూడు నెలలైంది, ఇంకా పక్క తియ్యవేం?"

"లేచాక తీస్తాను," అంది అమ్మమ్మ. "నువ్వు నోరు తగ్గించు."